పేరు పెట్టేముందు: రమ్యకు పెద్దమ్మ లేఖ

చి॥ రమ్యకు,

పెద్దమ్మ ఆశీస్సులు.

మీ బాపు ఫోన్ చేసి అన్నీ చెప్పిండు. ఏటూరునాగారం దిక్కు టేకు తోటల పక్కన రాత్రి లైటు ముందు నువ్వు కట్టిన తెల్లగుడ్డ మీద వాలిన పెద్ద గోధుమరంగు మాత్ (రాత్రిపూట తిరిగే, సీతాకోకచిలుక లాంటి పురుగు), ఘోస్ట్ మాత్‌ల కుటుంబందని, అంటే హెపియాలిడే అని తేలిందట. దానికి కొత్త జాతిగ పేరు పెడ్తవట. విన్నప్పటి నుంచి సంతోషం సగం, బుగులు సగం. మన దిక్కు ఆడపిల్ల హెపియాలిడే మీద పని చేస్తనంటే నాకంటే ఎవరికి ఎక్కువ గర్వం? కానీ "వచ్చే నెలల పరిశోధన పేపర్ పంపుతదట" అన్న మాట చెవుల పడంగనే గుండెల రాయి పడ్డది. వచ్చే నెలల ఎట్ల పంపుతవు బిడ్డా? ఆడదా మగదా అన్నది కూడ ఇంక చూడలేదట కద!

ముందు కాగితాల సంగతి. అభయారణ్యంల పురుగును పట్టాలన్నా చీఫ్ వైల్డ్‌లైఫ్ వార్డెన్ అనుమతి ఉండాలె, కాపీ నీ దగ్గర ఉండాలె. లైటు ఎక్కడ పెడ్తున్నవో బీట్ ఆఫీసర్‌కు ముందే చెప్పు. టేకు తోట హద్దుకు ఇవతలుందా అవతలుందా అన్నది మ్యాప్ మీద చూసుకో, నోటిమాట నమ్మకు.

రాత్రిపూట ఒక్కదానివే పోవద్దు. ఇది సలహా కాదు, ఆన. మోకాళ్ల దాకా బూట్లు, ఇద్దరికీ చెరొక టార్చి. లైటుకు పురుగులొస్తయి, పురుగులకు కప్పలొస్తయి, కప్పలకు కట్లపాము వస్తది. గుడ్డ కింద చెయ్యి పెట్టేముందు టార్చి కొట్టి చూడాలె. ఇప్పపూల కాలంల ఎలుగులు చీకట్లనే తిరుగుతయి, చెట్ల కింద గుడ్డ కట్టకు. వానకాలంల జంపన్న వాగు దాటి అవతల మకాం పెట్టకు. 2023 జూలైల ఆ వాగు కొండాయి ఊరిని ఏం చేసిందో నువ్వూ చూసినవు. వాన మబ్బు కనబడితే సామాను వదిలేసి అయినా ఇవతలికి వచ్చెయ్యి. జనరేటర్ కొంటం, బల్బు కొంటం, నిన్ను ఎక్కడ కొంటం?

ఇగ పట్టుడు. మామూలు మాత్‌ల లెక్క రాత్రి తొమ్మిదికి లైటు పెడితే ఘోస్ట్ మాత్ దొరకదు. ఈ కుటుంబంల చాలా జాతులు పొద్దుగూకినంక కొద్దిసేపే ఎగురుతయి, కొన్నయితే అరగంట కూడ ఉండవు. యూరప్‌ల ఉండే హెపియాలస్ హ్యుములై మగవి తెల్లగుంటయి. మునిమాపువేళ గడ్డి మీద ఒక్కచోటనే అటూ ఇటూ ఊగుకుంట ఎగురుతయి. దయ్యం పేరు వాటి వల్లనే వచ్చింది. అందుకే పొద్దు ఉండంగనే గుడ్డ కట్టి, చీకటి పడకముందే 160 వాట్ల మెర్క్యురీ బల్బు వెలిగించు. కళ్లకు అద్దాలు పెట్టుకో, ఆ వెలుగు కంటికి మంచిది కాదు. అమావాస్య దగ్గరి రాత్రులు, తొలకరికి ముందు ఉక్కపోసే రోజులు చూసుకో. దక్షిణాదిన టేకు మొక్కల్ని తొలిచే సహ్యాద్రాసస్ మలబారికస్ రెక్కల పురుగులు ఏప్రిల్, మే నెలల్లనే బయటికొస్తయి. నీది అదే అయ్యుండొచ్చు కూడ. మలబారికస్ అని పేరున్నంత మాత్రాన అది మలబారుల్నే ఉంటదని అనుకోకు.

లైటుకు వచ్చిన వాటితోటే సరిపెట్టకు. అసలు పని పగటి పూట ఉన్నది. టేకు, ఇంకా మెత్తటి కట్టె ఉన్న చిన్న మొక్కల కాండం చూడు. బెరడు పొడి, రెట్ట, పట్టుదారం కలిపి అల్లిన మందపాటి మూత ఒకటి కాండానికి అతుక్కొని కనబడ్తది. ఆ మూత ఎత్తితే కింద బొరియ, బొరియ చుట్టూ కొరికిన బెరడు. బొరియ కాండం నడుమ నుంచి కిందికి పోతది, లోపల లార్వా ఉంటది. మూత మంచిగ తాజాగ ఉంటే పురుగు బతికే ఉన్నట్టు. కాండాన్ని బొరియకు పైన, కింద జానెడు జానెడు ఎక్కువే పెట్టి కోసి, తడి ఇసుక బకెట్ల నిలబెట్టి, దోమతెర కప్పు. ఇసుక ఆరనియ్యకు, మురగనియ్యకు. ప్యూపా అయినంక మాత్ బయటికొస్తది, ఖాళీ పొట్టు బొరియ నోట్ల సగం బయటికి నిలబడి ఉంటది. ఆ పొట్టును పారేయకు, అదే మాత్ కింద గొట్టంల పెట్టి అదే నంబరు వెయ్యి. ఇట్ల పెంచితేనే పొలుసు రాలని మగ, ఆడ నమూనాలు దొరుకుతయి. ఏ మగదానికి ఏ ఆడది జోడో కూడ అనుమానం లేకుండ తేలుతది. లైటు దగ్గర దొరికినవి సగం అరిగిపోయి ఉంటయి. ఈ కుటుంబంల మగ, ఆడ రంగుల్ల, సైజుల్ల ఎంత తేడా ఉంటదంటే, వేరు వేరు జాతులని పొరబడుడు చాలా తేలిక.

ఆడది దొరికితే గాజు గొట్టంల ఒక రాత్రి ఉంచు. ఈ మాత్‌లు గుడ్లను ఆకులకు అంటించవు, ఎగురుకుంటనే చల్లుకుంట పోతయి. గొట్టంల ఆవాలు పోసినట్టు వందల గుడ్లు రాలుస్తది. కొన్ని ఆల్కహాల్‌ల వెయ్యి, కొన్ని పెంచి చూడు. పెద్ద మాత్ ఏం తినదు, దానికి నోరే సరిగ్గ ఉండదు. అందుకే తేనె బెల్లం పూత పూసి చెట్ల చుట్టూ తిరగకు, అది వేరే మాత్‌లకు.

చంపేటప్పుడు ఇథైల్ అసిటేట్ సీసా వాడకు, డీఎన్‌ఏ పాడైతది. ఐసు డబ్బాల ఇంటికి తెచ్చి ఫ్రీజర్‌ల ఉంచు. చచ్చినంక వెంటనే ఒక కాలు తీసి శుద్ధమైన ఆల్కహాల్‌ల వేసి మైనస్ 20 డిగ్రీల దాచు. కానీ ఏ కాలు? నడిమి కాలే తియ్యి, కుడిపక్కది. ఎన్కకాలు ముట్టుకోవద్దు. చాలా హెపియాలిడ్ మగవాటి ఎన్కకాలి మీద వాసన జల్లే వెంట్రుకల కుచ్చు ఉంటది, వర్ణనల అది ముఖ్యమైన గుర్తు. డీఎన్‌ఏ కోసం దాన్నే పీకినోళ్లున్నరు.

38 మిల్లీమీటర్ల స్టెయిన్‌లెస్ స్టీల్ సూది, 2 లేదా 3 నంబరుది, ఛాతీ నడుమ నుంచి నిటారుగ గుచ్చు. రెక్కలు పరిచేటప్పుడు తొందర వద్దు. వేరే మాత్‌లకు ఎన్కరెక్క మీద ముల్లుంటది, దానితోటి రెండు రెక్కలు కలుస్తయి. వీటికి అది లేదు. ముందురెక్క మొదట్ల వేలు లాంటి చిన్న తమ్మె ఉంటది, దాని పేరు జుగమ్. పిన్నుతో ముందురెక్కను లాగితే ఆ తమ్మె చినిగిపోతది. వేడినీళ్ల ఆవిరి డబ్బాల మెత్తబరిచి, ఈనె దగ్గర సూదిమొన ఆనించి కొద్దికొద్దిగ జరుపు. రెక్కలు పరిచిన పలకను బల్ల మీద పెట్టి, బల్ల కాళ్లను నీళ్ల గిన్నెల్ల పెట్టు, లేకుంటే తెల్లారేసరికి చీమలు పొట్ట ఖాళీ చేస్తయి. మన దిక్కు వానకాలంల బూజు ఒక్క వారంల కమ్ముతది. డబ్బాల సిలికా జెల్ వెయ్యి, గుప్పెడు కాదు, గ్లాసెడు. కట్టెను తొలిచే పురుగులకు కొవ్వెక్కువ. ఆరినంక నూనె ఊరి రెక్కలన్నీ నల్లబడ్తయి. అట్ల అయితే పొట్ట తీసి వేరే దాచినంక, మిగతాదాన్ని అసిటోన్‌ల నానబెట్టి తియ్యి.

లేబుల్ గురించి వినసొంపుగ చెప్తే నువ్వు వినవని నాకు తెలుసు, గట్టిగనే చెప్తున్న. లేబుల్ లేని మాత్ చెత్త. "ఏటూరునాగారం, వరంగల్ జిల్లా" అని రాస్తే సరిపోదు. ఆ ఊరు 1956 నవంబర్ 1 దాకా హైదరాబాద్ రాష్ట్రంల ఉన్నది, తర్వాత ఆంధ్రప్రదేశ్‌ల, 2014 జూన్ 2 నుంచి తెలంగాణల. 2016 అక్టోబర్ 11న వరంగల్ జిల్లా నుంచి జయశంకర్ భూపాలపల్లికి పోయింది, 2019 ఫిబ్రవరి 17న ములుగు జిల్లాకు వచ్చింది. ఊరు కదల్లేదు, లేబుళ్లు మాత్రం ఎన్ని తీర్లు! ఎక్కడో దూరాన మ్యూజియంల కూర్చున్న మనిషికి ఇవన్నీ వేరు వేరు చోట్లని అనిపిస్తయి. కాబట్టి అక్షాంశ రేఖాంశాలు దశాంశం తర్వాత నాలుగు అంకెల దాకా, సముద్రమట్టం నుంచి ఎత్తు మీటర్లల్ల, తేదీల నెలను రోమన్ అంకెల్ల, పట్టినోళ్ల పేరు, లైటుకు వచ్చిందా కాండంల నుంచి పెంచినవా, ఏ మొక్క, ఇవన్నీ అదే రాత్రి రాయాలె. బాల్‌పెన్ను, ఇంక్‌జెట్ ప్రింటు ఆల్కహాల్‌ల కరిగిపోతయి. 2024 ఆగస్టు 31 గాలివానకు తాడ్వాయి, మేడారం అడవిల వేల చెట్లు కూలినయి. నీ మాత్ దొరికిన చెట్టు రేపుండకపోవచ్చు, ఆ చోటేదో లేబులే చెప్పాలె.

ఇప్పుడు నాకు అన్నిటికన్నా బుగులైన సంగతి. నీ మాత్‌కు ఇదివరకే పేరుంటే?

ఫాసస్ ముచ్చట తెలుసుకుంటే నా బుగులు నీకు అర్థమైతది. ఫాసస్ అనే ప్రజాతిని (దగ్గరి చుట్టాలైన జాతులను కలిపే గుంపును) 1856ల ఫ్రాన్సిస్ వాకర్ అనే ఇంగ్లండ్ కీటక శాస్త్రవేత్త ఏర్పరిచిండు. దాని సొంత జాతులు మెక్సికో, మధ్య అమెరికా అడవులవి. కానీ ఆ కాలంల ఆసియా నుంచి లండన్‌కు పోయిన పెద్ద పెద్ద గోధుమరంగు హెపియాలిడ్‌లు చూపుకు అట్లనే ఉన్నయి. పొడుగు రెక్కలు, పొట్టి మీసాలు, వెండిరంగు మచ్చలు. రెక్క చూసి అన్నిటినీ అదే గంపల వేసిన్రు. 1879ల ఫ్రెడరిక్ మూర్ మన దక్షిణ భారతపు మాత్‌కు ఫాసస్ మలబారికస్ అని పేరు పెట్టిండు. జపాన్‌ల ఎక్స్‌క్రెసెన్స్ అనే జాతి కూడ పాత పుస్తకాల్ల ఫాసస్‌గనే తిరిగింది. ఇప్పుడది ఎండోక్లైటా. ఆ ఎండోక్లైటా ప్రజాతిని ఫెల్డర్ తండ్రీకొడుకులు 1874లనే వేరు చేసిన్రు, అయినా పట్టించుకున్నోళ్లు తక్కువ. 1941 దాకా మలబారికస్ అమెరికా మాత్‌ల చుట్టమై బతికింది. ఆస్ట్రేలియాల అడిలైడ్ మ్యూజియంల పనిచేసిన నార్మన్ టిండేల్ ఆ ఏడు దానికి సహ్యాద్రాసస్ అని వేరే ప్రజాతి పెట్టిండు. అందుకే ఇప్పుడు పేరు రాసేటప్పుడు మూర్, 1879 అన్నది బ్రాకెట్ల రాస్తం. జాతి ఆయనదే, ప్రజాతి మారింది అని ఆ బ్రాకెట్ అర్థం. పాత అటవీ రిపోర్టుల్ల ఫాసస్ మలబారికస్ అని కనబడితే అదే పురుగు, వేరే అనుకోకు. హిమాలయాల కీడాజడి శిలీంధ్రం పట్టే లార్వాలదీ ఇదే కథ. ఎన్నో జాతులను ముందు హెపియాలస్ అన్నరు, తర్వాత 1968ల వియెట్ పెట్టిన థైటరోడీస్‌లకు మార్చిన్రు.

ఎందుకిట్ల అయింది? వాళ్లేం తెలివితక్కువోళ్లు కాదు. హెపియాలిడ్‌లు పాతకాలపు పోకడ ఉన్న మాత్‌లు. ముందురెక్క, ఎన్కరెక్క ఈనెల అల్లిక దాదాపు ఒక్కతీరుగనే ఉంటది. నోటిభాగాలు కుంచించుకుపోయినయి, వాటిల పోల్చడానికి ఎక్కువ మిగలదు. ఒక్క జాతిలనే రంగు, మచ్చలు ఒక్కో మాత్‌కు ఒక్కో తీరుగ మారుతయి. లార్వాకు మంచి కట్టె దొరికితే మాత్ పెద్దగైతది, దొరకకుంటే అదే జాతి సగం సైజుల వస్తది. అంటే రెక్క చూసి ప్రజాతి చెప్పుడే కష్టం, కొత్త జాతి అనుడు ఇంకా కష్టం. నువ్విప్పటిదాకా చూసింది రెక్కలు మాత్రమే. నా మాట అర్థమైతున్నదా?

కాబట్టి పని ఇట్ల మొదలుపెట్టు. 2000ల నీల్సన్, రాబిన్సన్, వాగ్నర్ కలిసి ప్రపంచపు ఘోస్ట్ మాత్‌ల పట్టిక వేసిన్రు. దాని తర్వాత 2023ల గ్రెహన్, ఆయన జట్టు వేసిన కొత్త పట్టిక చూడు. అందుల భారతదేశం, శ్రీలంక, మయన్మార్ నుంచి ఉన్న ప్రతి పేరూ రాసుకో. రద్దయి వేరే పేరు కింద కలిసిపోయిన పేర్లు కూడ, అవే ముఖ్యం. రేపు నీ మాత్ నిజంగనే వేరని తేలినా, ఆ చచ్చిన పేర్లల్ల ఒకటి దానిదే అయితే, ఆ పాత పేరు లేచి కూర్చుంటది, నీ పేరు పోతది. ప్రతి పేరుకు మూల వర్ణన చదువు. టైపు నమూనా, అంటే ఆ పేరుకు ఆధారమైన అసలు మాత్, ఎక్కడుందో కనుక్కో. మూర్, హాంప్సన్ కాలపు టైపులల్ల చాలా మటుకు లండన్ నేచురల్ హిస్టరీ మ్యూజియంల ఉన్నయి. క్యూరేటర్‌కు మర్యాదగ రాస్తే ఫొటోలు పంపుతరు. జననాంగాలు కోసి చూసిన్రా అని కూడ అడుగు.

కోసుడు నువ్వు నేర్చుకోవాలె, ఇంకొకరితో చేయించకు. పొట్టను మొదట్ల విరిచి, 10 శాతం పొటాషియం హైడ్రాక్సైడ్‌ల రాత్రంతా ఉంచు. తొందరుంటే ఆ మందు గొట్టాన్నే వేడినీళ్ల గిన్నెల పావుగంట పెడితే చాలు. ఎక్కువైతే పలుచటి భాగాలు కరిగి పోతయి, తక్కువైతే కొవ్వు వదలదు. నీళ్లల్ల కుంచెతో మెల్లగ కడుగు, రంగు పట్టనీకె క్లోరజోల్ బ్లాక్ ఒక్క చుక్క చాలు. ఇక్కడ వేరే మాత్‌ల మీద నేర్చుకున్న అలవాటు నిన్ను మోసం చేస్తది. వాటి మగవాటిల గట్టి ఫాలస్ (జతకట్టే అంగం) ఉంటది, దాన్ని పక్కకు తీసి స్లైడ్ మీద ఒత్తుతరు. హెపియాలిడ్ మగదానిల ఫాలస్ మెత్తటి పొర. చూడాల్సినవి దాని చుట్టూ ఉండే జననాంగ భాగాలు: సూడోటెగుమెన్, దాని అంచుల వంపు, వాల్వా, జక్స్టా, ట్రులియమ్, విన్క్యులమ్. వీటిని ముందే స్లైడ్ మీద ఒత్తితే ఆకారం మారిపోతది, ఎవరితోనూ పోల్చరాదు. గ్లిసరిన్‌ల ఉంచి మూడు పక్కల నుంచి, ఎన్కనుంచి, పక్కనుంచి, కిందనుంచి బొమ్మ గియ్యి, ఫొటో తియ్యి. పొట్ట 8వ కింది ఫలకం ఆకారం కూడ గియ్యి, చాలామంది దాన్ని మర్చిపోతరు. ఆడదానిల జతకట్టే రంధ్రం, గుడ్లు పెట్టే రంధ్రం వేరువేరుగుంటయి, నడుమ బయటనే ఒక గాడి ఉంటది. ఈ గుంపుకే అది గుర్తు. ఆ గాడి కనబడేటట్టు ఫొటో ఉండాలె. ఒక్క మగదానితోటి సరిపెట్టకు, అన్నీ కోసి చూడు. ఒక్కదాంట్ల వంకర ఉంటే అది పుట్టుక లోపమో కోసినప్పటి లోపమో కావచ్చు.

డీఎన్‌ఏ బార్‌కోడ్, అంటే జాతిని పోల్చనీకె చదివే సీవోఐ అనే జన్యువుల 658 అక్షరాల ముక్క, చేయించు. కానీ ఇన్ని శాతం తేడా ఉంటే కొత్త జాతి అని ఎవరన్నా చెప్తే నమ్మకు. అది తోడు సాక్ష్యమే. ఆ కాలు విదేశీ ల్యాబ్‌కు పంపాలనుకుంటే కొరియర్ డబ్బాల వేసి పంపుడు కుదరదు. 2002 జీవవైవిధ్య చట్టం ఉన్నది, చెన్నైల నేషనల్ బయోడైవర్సిటీ అథారిటీ ఉన్నది. దేశంలనే చేయించు.

ఇవన్నీ అయినంక పేరు. సమ్మక్క తల్లి పేరు పెట్టాలని ఉన్నదట. మంచి మనసే. ఆడమనిషి పేరు మీద పెడితే చివర ఏఈ వస్తది, మగమనిషికైతే ఐ. ఊరి పేరుకు ఎన్సిస్ తగిలిస్తరు, ప్రజాతి పేరు నపుంసకలింగం అయితే ఎన్సే. మామూలు విశేషణమైతే ప్రజాతి లింగాన్ని బట్టి మారుతది, ఎండోక్లైటా స్త్రీలింగం, సహ్యాద్రాసస్ పుంలింగం. రోమన్ అక్షరాలే వాడాలె, చుక్కలు గీతలు పెట్టరాదు. ఒకసారి అచ్చయినంక అక్షరం నచ్చలేదని మార్చరాదు, అందుకే ముందే పలికి చూడు. సమ్మక్క పేరే పెట్టేదుంటే మేడారం పోయి కోయ పూజారులను అడుగు. వాళ్ల తల్లి పేరు ఒక పురుగుకు పెడ్తున్నమని పత్రికల చూసి తెలుసుకునుడు బాగుండదు. వాళ్లు వద్దంటే మారు మాట్లాడకు. నీ సొంత పేరు పెట్టుకోకు. నియమం ఆపదు కానీ, మర్యాద కాదు.

నియమాల మాట వచ్చింది కాబట్టి: 2000 జనవరి 1 నుంచి అమలుల ఉన్న, జంతువుల పేర్ల అంతర్జాతీయ నియమావళి నాలుగో కూర్పు ప్రకారం, కొత్త జాతి అని స్పష్టంగ రాయాలె, తేడాలు చెప్పే వర్ణన ఉండాలె, హోలోటైప్, అంటే పేరుకు ఆధారమయ్యే ఒక్క నమూనా, ఏదో గుర్తుపట్టేటట్టు చెప్పాలె, అది ఏ సంస్థల ఉంటదో ఊరితో సహా రాయాలె. ఒక్కటి తప్పినా పేరు నిలబడదు. ఆన్‌లైన్ పత్రికైతే 2012 సవరణ ప్రకారం జూబ్యాంక్ అనే జంతువుల పేర్ల ఆన్‌లైన్ పట్టికల ముందే నమోదై ఉండాలె, ఆ నమోదు రుజువు పేపర్‌లనే కనబడాలె. మన చట్టం ప్రకారం కొత్త జాతి నమూనాను ప్రభుత్వం గుర్తించిన నిలయానికి ఇయ్యాలె, జంతువులకు అట్లాంటి నిలయం కోల్‌కతాల ఉన్న జువలాజికల్ సర్వే. హోలోటైప్ అక్కడికే. ఎర్ర లేబుల్ దానికి, పసుపు లేబుల్ పారాటైపులకు, అంటే వర్ణనల వాడిన మిగతా నమూనాలకు. హోలోటైప్‌గ మంచి మగదాన్ని ఎంచు, పొలుసు నిండుగ ఉన్నది, కోసిన భాగం గొట్టంల అదే నంబరుతో ఉన్నది. డబ్బులు కడితే వారంల అచ్చేసే పత్రికల జోలికి పోకు. రాలిన ఆకుల మీద రాసుకున్నంత విలువ కూడ ఉండదు.

ఫొటో స్టేటస్ పెట్టినవట కద, ఆ పురుగు పేరుతో సహా! ఈ ఉత్తరం ముట్టంగనే తీసెయ్యి. ఏ విలేకరికీ పేరు చెప్పకు. పేపర్ రాకముందే ఆ పేరు అచ్చుల పడితే, వర్ణన లేని ఉత్త పేరు నలుగురి నోళ్లల్ల నానుతది, అది ఏ మాత్‌దో తేల్చలేక తర్వాత వచ్చేటోళ్లు తలలు పట్టుకుంటరు. ఫోన్‌ల గట్టిగ మాట్లాడిన్నని మీ బాపు అన్నడు. కోపం కాదు బిడ్డా. నువ్వు ఇంత కష్టపడి పెట్టిన పేరు వేరేటోళ్ల పట్టికల "రద్దయినది" అని కనబడొద్దని నా తాపత్రయం.

ఆదివారం హనుమకొండకు రా, పెట్టె తీసుకొని. ముందు మగవేవో చూసి, వాటిని ఇద్దరం కలిసి కోద్దాం. బస్సుల పెట్టెను పై అరల పెట్టకు, ఒళ్లె పెట్టుకో. ప్రతి మాత్ పొట్టకు రెండు పక్కల రెండు సూదులు అడ్డం గుచ్చు, ఏదన్నా తల ఊడిపోతే మిగతా వాటి మీద దొర్లకుండ ఆగుతది. గొట్టాల మూతలకు టేపు చుట్టు. మాత్ కాళ్లు వేసిన ఆల్కహాల్ సీసాలు వేరే సంచిల తీసుకురా, అవి ఒలికితే లేబుళ్లన్నీ పోతయి.

మీ పెద్దమ్మ